జత కుదిరింది, కదలిక అందలేదు

బ్లూటూత్ జాబితాలో కంట్రోలర్ పేరు కనిపిస్తుంది. పక్కనే ‘కనెక్టెడ్’ అని కూడా ఉంటుంది. బటన్ నొక్కితే పలుకుతుంది, స్టిక్ తిప్పితే తెరమీద బొమ్మ నడుస్తుంది. కంట్రోలర్‌ని చేతిలో అటూ ఇటూ వంచితే మాత్రం ఉలుకూ పలుకూ ఉండదు. మోషన్ సెన్సర్లున్న వైర్‌లెస్ కంట్రోలర్‌ని కంప్యూటర్‌కి కలపబోయినవాళ్లలో చాలామంది ఆగిపోయేది ఇక్కడే. ఆ తర్వాత పెయిరింగ్ తీసేసి మళ్లీ చేస్తారు, కొత్త డాంగిల్ కొంటారు, చివరికి వస్తువే పాడైందని తేల్చేస్తారు.

ఆ తీర్పు చాలాసార్లు తొందరపాటు తీర్పే. కంట్రోలర్ కదలిక గేమ్ దాకా చేరాలంటే మూడు పనులు జరగాలి. మొదట రేడియో బంధం కుదరాలి. తర్వాత కంట్రోలర్ తన సెన్సర్ల లెక్కలు పంపడం మొదలుపెట్టాలి. ఆపైన ఆ లెక్కల్ని తీసుకునే ఏర్పాటు గేమ్‌లో ఉండాలి. బ్లూటూత్ తెర చెప్పేది మొదటి పని గురించే. అసలు చిక్కులు ఎక్కువగా రెండో పనిలో, మూడో పనిలో ఉంటాయి. మోషన్ కంట్రోలర్లు ఇళ్లలోకి వచ్చి రెండు దశాబ్దాలు కావస్తున్నా ఈ గందరగోళం ఎందుకు తీరలేదో, ఇప్పుడు ఏ యంత్రంలో పరిస్థితి ఎలా ఉందో, కొనేవాళ్లు ఏం చూసుకోవాలో ఒక్కొక్కటిగా పరిశీలిద్దాం.

చేతిలో ఉన్నది ఏం కొలుస్తుంది?

2006 నవంబర్‌లో రెండు రోజుల తేడాతో సోనీ ప్లేస్టేషన్ 3, నింటెండో వీ అమెరికా మార్కెట్లోకి వచ్చాయి. రెండింటి కంట్రోలర్లూ బ్లూటూత్‌వే, రెండూ కదలికను పసిగట్టేవే. పసిగట్టే తీరు మాత్రం వేరు.

వీ రిమోట్‌లో మొదట ఉన్నది యాక్సిలరోమీటర్ ఒక్కటే. ఎనలాగ్ డివైసెస్ సంస్థ చేసిన ఆ చిప్ మూడు దిక్కుల్లో వేగం మార్పును, గురుత్వాకర్షణను కొలుస్తుంది. రిమోట్‌ని కదలకుండా పట్టుకుంటే ఎటు వంగి ఉందో చెప్పగలదు. గట్టిగా విసిరితే మాత్రం వంపు ఏదో, విసురు ఏదో విడదీయలేదు. అందుకే రిమోట్ ముందు కొసన ఇన్‌ఫ్రారెడ్ కెమెరా పెట్టారు. టీవీ దగ్గర ఉంచే ‘సెన్సర్ బార్’ పేరు చూసి అదే కదలికను కనిపెడుతుందని అనుకునేవారు ఇప్పటికీ ఉన్నారు. అందులో సెన్సర్ అనేదే లేదు, ఉన్నవి కొన్ని ఇన్‌ఫ్రారెడ్ దీపాలు. కన్సోల్‌కి తగిలించే వైరు వాటికి కరెంటు ఇస్తుందంతే. ఆ దీపాల చుక్కల్ని చూసి, తాను ఎటు గురిపెట్టి ఉన్నదీ రిమోటే లెక్కకట్టుకుంటుంది. బార్ తీసేసి రెండు కొవ్వొత్తులు వెలిగించి పెట్టినా గురి పనిచేస్తుందని అప్పట్లోనే జనం చేసి చూపించారు. కార్నెగీ మెలన్ యూనివర్సిటీలో పరిశోధన చేస్తున్న జానీ చంగ్ లీ 2007, 2008 సంవత్సరాల్లో ఇదే కెమెరాను కంప్యూటర్‌కి కలిపి, చవకలో డిజిటల్ బోర్డు తయారుచేసి చూపిస్తే ప్రపంచమంతా చూసింది. ఆట వస్తువును పీసీకి కలపాలన్న ఉత్సాహానికి అది పెద్ద ఊపు.

తిరుగుడును కొలిచేది గైరోస్కోప్. వీ రిమోట్‌కి అది 2009లో మోషన్‌ప్లస్ అనే తగిలింపుగా వచ్చి, మరుసటి ఏడాది రిమోట్ లోపలికే చేరింది. ప్లేస్టేషన్ 3తో వచ్చిన సిక్సాక్సిస్‌లో మూడు దిక్కుల యాక్సిలరోమీటర్‌తో పాటు ఒకే అక్షం మీద పనిచేసే గైరో ఉండేది. 2013లో వచ్చిన డ్యూయల్‌షాక్ 4, 2017లో నింటెండో స్విచ్ కన్సోల్‌తో వచ్చిన జాయ్-కాన్, స్విచ్ ప్రో కంట్రోలర్, 2020లో వచ్చిన డ్యూయల్‌సెన్స్ అన్నింటిలోనూ మూడు అక్షాల గైరో, మూడు అక్షాల యాక్సిలరోమీటర్ ఉన్నాయి. గైరో చెప్పేది ఎంత వేగంగా తిరుగుతున్నదీ అనే ఒక్క విషయమే. దాన్ని కూడుకుంటూ పోతే కోణం వస్తుంది. చిన్న చిన్న పొరపాట్లు కూడా దానితోపాటే కూడుకుపోతాయి. అందుకే బల్ల మీద కదలకుండా పడి ఉన్న కంట్రోలర్ కూడా తెరమీది గురిని మెల్లగా పక్కకి లాగుతుంటుంది. దీన్ని డ్రిఫ్ట్ అంటారు. స్విచ్ గేమ్‌లలో గురిని మళ్లీ మధ్యకి తెచ్చే బటన్ ఒకటి ఉండటానికి కారణం ఇదే. ఇన్‌ఫ్రారెడ్ చుక్కలు చూసుకునే వీ రిమోట్‌కి గురిపెట్టడంలో ఈ బెడద లేదు.

మొదటి పని: బంధం కుదరడం

కంట్రోలర్‌ని కన్సోల్‌కి పరిచయం చేసే పద్ధతి ఒక్కో సంస్థది ఒక్కో తీరు. కంప్యూటర్ దగ్గరికి వచ్చేసరికి ఆ తేడాలే అడ్డం పడతాయి.

వీ రిమోట్‌ని దగ్గరగా చూద్దాం. 1, 2 బటన్లు కలిపి నొక్కితే కింద ఉన్న నాలుగు నీలి దీపాలు మిణుకుమంటాయి. సుమారు 20 సెకన్లపాటు అది ఇతర యంత్రాలకు కనిపిస్తుంది. బ్యాటరీ మూత తీస్తే లోపల చిన్న ఎర్ర బటన్ ఉంటుంది. శాశ్వతంగా జత కలపడానికి అది. ఈ రెండు దారుల్లోనూ బ్లూటూత్ పిన్ అడిగితే ఇవ్వాల్సింది మనం టైపు చేయగల అంకె కాదు. 1, 2 బటన్ల దారిలో రిమోట్ బ్లూటూత్ చిరునామాలోని ఆరు బైట్లను తిరగేసి ఇవ్వాలి. ఎర్ర బటన్ దారిలో కంప్యూటర్ చిరునామాను తిరగేసి ఇవ్వాలి. కీబోర్డు మీద కొట్టలేని అక్షరాలు అందులో ఉండొచ్చు. విండోస్ పిన్ అడుగుతూ కూర్చుంటే జనం 0000 కొట్టీ 1234 కొట్టీ విసిగిపోవడం వెనుక ఉన్న కథ ఇది. వీ గేమ్‌లను కంప్యూటర్‌లో నడిపే డాల్ఫిన్ ఎమ్యులేటర్ లాంటి ప్రోగ్రాములు ఈ తతంగాన్ని తామే చూసుకుంటాయి. మేఫ్లాష్ సంస్థ అమ్మే డాల్ఫిన్‌బార్ ఇంకా సులువు. దీపాల బార్, బ్లూటూత్ రెండూ అందులోనే ఉండి, రిమోట్‌తో జత కలిసే పని బార్ లోపలే జరిగిపోతుంది. కంప్యూటర్‌కి అది మామూలు యూఎస్‌బీ పరికరంలా కనిపిస్తుంది.

సిక్సాక్సిస్, దాని తర్వాత వచ్చిన డ్యూయల్‌షాక్ 3 గాలిలో పరిచయం చేసుకోవు. యూఎస్‌బీ వైరు తగిలిస్తే కన్సోల్ తన బ్లూటూత్ చిరునామాను కంట్రోలర్‌లో రాసిపెడుతుంది. వైరు తీసి పీఎస్ బటన్ నొక్కితే కంట్రోలర్ ఆ చిరునామాకే ఫోన్ చేస్తుంది. అందువల్ల కంప్యూటర్‌లో ‘పరికరాన్ని వెతుకు’ అని ఎంతసేపు తిప్పినా ఇది దొరకదు. కంప్యూటర్ చిరునామాను వైరు ద్వారా అందులో రాసే ప్రోగ్రాము కావాలి. దీనికి కొసరు చిక్కు ఒకటుంది. 2023 చివర లినక్స్ బ్లూటూత్ సాఫ్ట్‌వేర్ అయిన బ్లూజీలో ఒక భద్రతా లోపం బయటపడింది. పక్కనున్న ఆగంతకుడు కీబోర్డులా నటించి కంప్యూటర్‌లోకి అక్షరాలు కొట్టే వీలుండేది. ఆ లోపాన్ని పూడ్చడానికి, పూర్తిగా బంధం కుదుర్చుకున్న పరికరాలనే అనుమతించే నియమాన్ని అందరికీ వర్తింపజేశారు. అలాంటి బంధం లేకుండానే పనిచేసే పాత డ్యూయల్‌షాక్ 3 ఆ నియమం వల్ల బయటే ఉండిపోయింది. అప్‌డేట్ చేసిన మర్నాడు కంట్రోలర్ కలవకపోవడానికి కారణం కంట్రోలర్‌లో లేదు.

తర్వాతి తరం మెరుగు. డ్యూయల్‌షాక్ 4లో షేర్, పీఎస్ బటన్లు కలిపి పట్టుకుంటే లైటు జంటగా మెరుస్తుంది. డ్యూయల్‌సెన్స్‌లో క్రియేట్, పీఎస్ బటన్లు. జాయ్-కాన్‌కి పక్క పట్టీ మీద, ప్రో కంట్రోలర్‌కి పైన ఛార్జింగ్ రంధ్రం పక్కన చిన్న సింక్ బటన్ ఉంటుంది. ఇవన్నీ ఏ కంప్యూటర్ బ్లూటూత్‌కైనా దొరుకుతాయి. కొత్త చోట జత కలిపితే పాత చోట బంధం తెగిపోవడం ఇన్నాళ్లూ ఉన్న ఇబ్బంది. 2025లో సోనీ ఇచ్చిన అప్‌డేట్‌తో డ్యూయల్‌సెన్స్ నాలుగు యంత్రాల వరకూ గుర్తుంచుకుని, బటన్లతోనే ఒకదాని నుంచి ఇంకోదానికి మారగలుగుతోంది.

రెండో పని: సెన్సర్లు మేలుకోవడం

ఇక్కడి నుంచి జరిగేది సామాన్య వాడుకరికి కనిపించదు. కంట్రోలర్ సెకనుకు కొన్ని పదులసార్లో, వందలసార్లో ఒక చిన్న సమాచారపు మూట పంపుతుంది. దాన్ని రిపోర్టు అంటారు. ఆ మూటలో ఏమేం కట్టాలన్నది అవతలి యంత్రం చెప్పాలి. ఏమీ చెప్పకపోతే దాదాపు ప్రతి మోషన్ కంట్రోలరూ బటన్లు, స్టిక్‌లు మాత్రమే పంపుతుంది.

వీ రిమోట్ లేవగానే పంపేది బటన్ల రిపోర్టు ఒక్కటే. యాక్సిలరోమీటర్ కావాలంటే ఒక ఆదేశం, ఇన్‌ఫ్రారెడ్ కూడా కావాలంటే ఇంకో రకం రిపోర్టు అడగాలి. జాయ్-కాన్ సాదా బ్లూటూత్ పరికరంగా ప్రవర్తించేటప్పుడు బటన్ మారితేనే కబురు పెడుతుంది. పూర్తి రిపోర్టులకు మారమని ఒక ఆదేశం, మోషన్ చిప్‌ని ఆన్ చేయమని విడిగా ఇంకో ఆదేశం ఇస్తే అప్పుడు ఒక్కో మూటలో 5 మిల్లీ సెకన్ల తేడాతో తీసిన మూడు కొలతలు వస్తాయి. సిక్సాక్సిస్ సంగతి మరీ విడ్డూరం. దానికి తగిన ఆదేశం అందేదాకా అసలు ఏ రిపోర్టూ పంపదు.

డ్యూయల్‌షాక్ 4 దగ్గర ఇది బాగా తేటపడుతుంది. బ్లూటూత్‌లో కలవగానే అది పంపే రిపోర్టు 10 బైట్లది. అందులో స్టిక్‌లు, బటన్లు, ట్రిగ్గర్లు. గైరో లేదు. కంప్యూటర్ దాన్ని ‘నీ సెన్సర్ల క్యాలిబ్రేషన్ వివరాలు చెప్పు’ అని అడిగితే, ఆ ప్రశ్ననే గుర్తుగా తీసుకుని 78 బైట్ల పెద్ద రిపోర్టుకు మారుతుంది. గైరో, యాక్సిలరోమీటర్, టచ్‌ప్యాడ్ అన్నీ అందులోకి వచ్చేస్తాయి. యూఎస్‌బీ వైరు మీదైతే మొదటినుంచీ 64 బైట్ల పూర్తి రిపోర్టే. ‘వైరు పెడితే గైరో పనిచేస్తోంది, వైరు తీస్తే పోతోంది’ అనే ఫిర్యాదుకు మూలం ఈ తేడానే.

ఈ మార్పుకు ఒక వెనకదెబ్బ కూడా ఉంది. పెద్ద రిపోర్టులోకి మారిన కంట్రోలర్ ఆపి మళ్లీ ఆన్ చేసేదాకా చిన్న రిపోర్టులోకి తిరిగి రాదు. విండోస్‌లో పాత పద్ధతి అయిన డైరెక్ట్‌ఇన్‌పుట్ మీద ఆధారపడ్డ గేమ్‌లకు చిన్న రిపోర్టే అర్థమవుతుంది. ఒక ప్రోగ్రాము గైరో కోసం కంట్రోలర్‌ని పెద్ద రిపోర్టులోకి మార్చేస్తే, తర్వాత తెరిచిన పాత గేమ్‌లో బటన్లు కూడా చచ్చుబడిపోతాయి. నిన్న ఆడిన గేమ్ ఈ రోజు కంట్రోలర్‌ని పట్టించుకోకపోతే, ముందు దాన్ని ఒకసారి ఆపి వెలిగించి చూడండి.

క్యాలిబ్రేషన్ కూడా ఈ దశలోనిదే. ప్రతి చిప్‌కీ ఫ్యాక్టరీలో కొలిచిన సవరణ అంకెలుంటాయి. జాయ్-కాన్‌లో అవి లోపలి ఫ్లాష్ మెమరీలో ఉంటాయి, వాడేవాళ్లు మళ్లీ సరిచేసుకున్న అంకెలకు వేరే చోటు ఉంటుంది. కంప్యూటర్ ప్రోగ్రాము వాటిని చదవకుండా సగటు అంకెలు వాడితే గైరో వస్తుంది గానీ గురి పక్కకి జారుతుంది.

మూడో పని: గేమ్‌కి వినిపించడం

సెన్సర్ల లెక్కలు కంప్యూటర్ దాకా వచ్చాయనుకుందాం. గేమ్ వాటిని అడిగి తీసుకోవాలి కదా! విండోస్‌లో పెద్ద అడ్డుగోడ ఇక్కడే ఉంది.

2005లో ఎక్స్‌బాక్స్ 360తో పాటు మైక్రోసాఫ్ట్ ఎక్స్‌ఇన్‌పుట్ అనే పద్ధతి తెచ్చింది. పీసీ గేమ్‌లలో కంట్రోలర్ అంటే ఇదే అన్నంతగా అది పాతుకుపోయింది. దానిలో నాలుగు కంట్రోలర్లకు చోటుంది. ఒక్కో కంట్రోలర్‌కి బటన్లు, రెండు ట్రిగ్గర్లు, రెండు స్టిక్‌లు, తిరుగుదారిలో రెండు వైబ్రేషన్ మోటార్లు. అంతే. గైరోకి చోటే లేదు. దరఖాస్తు ఫారంలో గడి లేని వివరాన్ని ఏ గుమాస్తా రాసుకోడు, ఇదీ అంతే. మైక్రోసాఫ్ట్ ఎక్స్‌బాక్స్ కంట్రోలర్లలో ఇప్పటికీ గైరో లేదు కాబట్టి ఆ గడి పెట్టాల్సిన అవసరం వాళ్లకి రాలేదు. ఫలితంగా మిగతా కంట్రోలర్ల గైరో కూడా పీసీ గేమ్‌లకు కనిపించకుండా పోయింది.

ఈ గోడను దాటడానికి మూడు దారులు పుట్టాయి.

మొదటిది, గైరోని వేరే వేషంలో పంపడం. డీఎస్‌4విండోస్, బెటర్‌జాయ్ లాంటి ప్రోగ్రాములు కంట్రోలర్ నుంచి పూర్తి రిపోర్టు చదివి, విండోస్‌కి ఒక ఉత్తుత్తి ఎక్స్‌బాక్స్ కంట్రోలర్‌ని చూపిస్తాయి. గైరో కదలికను మౌస్ కదలికగానో, కుడి స్టిక్ కదలికగానో మారుస్తాయి. వాల్వ్ సంస్థ గేమ్‌ల వేదిక స్టీమ్‌లో ఉన్న స్టీమ్ ఇన్‌పుట్ చేసేదీ దాదాపు ఇదే. స్టీమ్‌లో డ్యూయల్‌షాక్ 4కి 2016 చివర, స్విచ్ ప్రో కంట్రోలర్‌కి 2018లో మద్దతు వచ్చింది. వేరే ప్రోగ్రాములు, డ్రైవర్లు అక్కర్లేకుండా గైరోని మౌస్‌గా వాడుకునే వీలు సామాన్యుడికి దీంతోనే దొరికింది. గురిపెట్టి కాల్చే గేమ్‌లలో మౌస్‌గా మార్చడమే మేలు. స్టిక్‌గా మారిస్తే సన్నటి మణికట్టు కదలికలు స్టిక్ మధ్యలో ఉండే చచ్చు జాగాలో కలిసిపోతాయి. ఈ దారిలో తరచూ వచ్చే తలనొప్పి జంట దెబ్బ. అసలు కంట్రోలర్, ఉత్తుత్తి కంట్రోలర్ రెండూ గేమ్‌కి కనిపించి ఒక్క నొక్కుకి రెండు పనులు జరుగుతాయి. అసలుదాన్ని దాచిపెట్టే హిడ్‌హైడ్ లాంటి సాధనాలు అందుకే వచ్చాయి. స్టీమ్ ఇన్‌పుట్, డీఎస్‌4విండోస్ రెండింటినీ ఒకేసారి నడపకపోవడం అంతకన్నా తేలిక మందు.

రెండోది, కదలికను కదలికగానే నెట్‌వర్క్ మీద పంపడం. ఎమ్యులేటర్లకు మౌస్ వేషం చాలదు, వీ గేమ్‌లోని కత్తి తిరగాలంటే అసలు కోణాలు కావాలి. ఇందుకోసం ఔత్సాహికులు డీఎస్‌యూ అనే చిన్న పద్ధతి స్థిరపరిచారు. కంట్రోలర్‌ని చదివే ప్రోగ్రాము అదే కంప్యూటర్‌లోని 26760 పోర్టు మీద సెన్సర్ లెక్కలు వినిపిస్తుంది, ఎమ్యులేటర్ వింటుంది. డీఎస్‌4విండోస్, బెటర్‌జాయ్ వినిపించగలవు, డాల్ఫిన్, సెము ఎమ్యులేటర్లు వినగలవు. అసలు వీ రిమోటే చేతిలో ఉంటే డాల్ఫిన్‌లో ఇంకో సౌకర్యం ఉంది. బ్లూటూత్ డాంగిల్‌ని మొత్తంగా ఎమ్యులేటర్‌కే అప్పగించేస్తే, లోపల నడిచే వీ సాఫ్ట్‌వేరే రిమోట్‌తో నేరుగా మాట్లాడుకుంటుంది. అప్పుడు ఆ డాంగిల్ ఇతర పనులకు పనికిరాదు కాబట్టి దానికి విడిగా ఒకటి కొనుక్కోవాలి.

మూడోది, గేమ్ తానే నేరుగా చదవడం. అందరికీ మేలైన దారి ఇదే. గేమ్ డెవలపర్లు విరివిగా వాడే ఎస్‌డీఎల్ అనే ఉచిత లైబ్రరీలో 2020 చివరినుంచి కంట్రోలర్ సెన్సర్లు చదివే వీలుంది. 2022లో ఫోర్ట్‌నైట్ గైరో గురిని తనలోనే చేర్చుకుంది. అలా చేర్చిన పీసీ గేమ్‌లు ఇంకా తక్కువే.

ఏ కంప్యూటర్‌లో ఎలా ఉంది?

గేమ్‌లు ఎక్కువుండే విండోస్‌లోనే మోషన్‌కి సొంత ఇల్లు లేదు, పని అంతా పైన చెప్పిన ప్రోగ్రాముల మీదే నడుస్తోంది. వాటిలో కొన్ని ఒకరిద్దరు ఓపికగా కాచుకుంటున్నవి. ఉత్తుత్తి ఎక్స్‌బాక్స్ కంట్రోలర్‌ని పుట్టించే విజెమ్‌బస్ డ్రైవర్‌కి 2023లో దాని రచయితే విరమణ ప్రకటించాడు. ఉన్నది పనిచేస్తోంది గానీ, ఒక వ్యక్తి విరమిస్తే కదిలిపోయే పునాది మీద ఇంత మంది ఆధారపడి ఉండటం మంచి సంగతి కాదు.

గేమ్‌ల విషయంలో వెనకబడిందని పేరున్న లినక్స్ ఈ ఒక్క విషయంలో ముందుంది. వీ రిమోట్ డ్రైవర్ 2011లోనే లినక్స్ మూలభాగమైన కెర్నెల్‌లో చేరింది. 2021లో 5.12 వెర్షన్‌తో డ్యూయల్‌సెన్స్‌కి సోనీ తరఫునే డ్రైవర్ వచ్చింది. జాయ్-కాన్, ప్రో కంట్రోలర్ల డ్రైవర్ 5.16తో, అంటే 2022 జనవరిలో, అందరికీ అందింది. కంట్రోలర్ కలవగానే మోషన్ సెన్సర్లు విడి పరికరంగా నమోదవుతాయి, క్యాలిబ్రేషన్ లెక్కలు కెర్నెలే చూసుకుంటుంది. ఎడమ, కుడి జాయ్-కాన్‌లు మాత్రం రెండు వేర్వేరు కంట్రోలర్లుగా కనిపిస్తాయి. ఒకటిగా కలపడానికి జాయ్‌కాన్‌డీ అనే ప్రోగ్రాము గానీ స్టీమ్ గానీ కావాలి.

యాపిల్ వైపు 2019లో మ్యాక్‌ఓఎస్ కాటలీనా, ఐఓఎస్ 13తో డ్యూయల్‌షాక్ 4 చేరింది. డ్యూయల్‌సెన్స్ 2021లో, జాయ్-కాన్, ప్రో కంట్రోలర్ 2022లో వచ్చాయి. జత కలపడంలో ఇంత సాఫీ అయిన యంత్రం ఇంకోటి లేదు. ఆడటానికి తగినన్ని గేమ్‌లు లేకపోవడమే అక్కడి కొరత.

కన్సోళ్ల కంచెలు

కన్సోళ్లలో ఇదంతా కనిపించదు. కంట్రోలర్, కన్సోల్, గేమ్ మూడూ ఒకే ఇంటివి కాబట్టి జత కుదిరితే కదలికా అందుతుంది. చిక్కు పక్కింటి కంట్రోలర్ తెచ్చినప్పుడే. అక్కడ కంచె సాంకేతికం కాదు, వ్యాపారం.

డ్యూయల్‌షాక్ 4ని ప్లేస్టేషన్ 5కి కలపొచ్చు, దానితో పీఎస్4 గేమ్‌లు ఆడొచ్చు. పీఎస్5 గేమ్ పెడితే మాత్రం ఒప్పుకోదు. ఎక్స్‌బాక్స్ కన్సోళ్లు సోనీ, నింటెండో కంట్రోలర్లను దగ్గరికే రానివ్వవు. స్విచ్ కూడా ప్లేస్టేషన్ కంట్రోలర్లను నేరుగా తీసుకోదు గానీ, 8బిట్‌డో లాంటి సంస్థల యూఎస్‌బీ అడాప్టర్ మధ్యలో పెడితే డ్యూయల్‌షాక్ 4 గైరోని కూడా తన ప్రో కంట్రోలర్ గైరో అనుకుని వాడుకుంటుంది. సెన్సర్లలో పొసగనితనం లేదని చెప్పడానికి ఇంతకన్నా రుజువు అక్కర్లేదు.

గాలిలో రద్దీ

ఈ కంట్రోలర్లన్నీ మాట్లాడుకునేది 2.4 గిగాహెర్ట్జ్ పరిధిలో. మన దేశంలో 2005 నుంచి ఈ పరిధిలో తక్కువ శక్తి పరికరాలకు లైసెన్సు అక్కర్లేదు. వైఫై, వైర్‌లెస్ మౌస్, కంట్రోలర్ అన్నీ ఇక్కడే గుమిగూడటానికి అదీ ఒక కారణం. బ్లూటూత్ ఈ రద్దీని ఛానళ్లు మార్చుకుంటూ తట్టుకుంటుంది. బటన్ నొక్కు ఒక క్షణం ఆలస్యమైతే తెలియదు. గైరో మూటలు నాలుగు పోతే మాత్రం గురి గెంతినట్టు వెంటనే తెలుస్తుంది. మోషన్‌కి రేడియో శుభ్రత ఎక్కువ కావాలన్నది అందుకే.

చాలామంది అనుమానించని దొంగ యూఎస్‌బీ 3.0. దాని పోర్టులు, వైర్లు పనిచేసేటప్పుడు 2.4 గిగాహెర్ట్జ్ పరిధిలోకి రొద వెదజల్లుతాయని ఇంటెల్ 2012లోనే పత్రం ప్రచురించింది. సీపీయూ వెనక యూఎస్‌బీ 3 హార్డ్‌డిస్కు పక్కనే గుచ్చిన బ్లూటూత్ డాంగిల్ నుంచి కంట్రోలర్ మాటిమాటికీ తెగిపోతుంటే, ఒక మీటరు యూఎస్‌బీ 2 ఎక్స్‌టెన్షన్ వైరుతో డాంగిల్‌ని బల్ల మీదకి తెస్తే చాలు. కన్సోళ్లూ దీనికి అతీతం కావు. 2017లో స్విచ్ వచ్చిన కొత్తలో కొన్ని ఎడమ జాయ్-కాన్‌లు తెగిపోతుంటే, తయారీలో వచ్చిన తేడాయే కారణమని నింటెండో ఒప్పుకుంది. 2021లో స్విచ్‌కి బ్లూటూత్ హెడ్‌ఫోన్ సౌకర్యం ఇచ్చినప్పుడు, అది వాడేటప్పుడు రెండు వైర్‌లెస్ కంట్రోలర్లకు మించి కుదరవని షరతు పెట్టింది. ఒకే రేడియో అందరికీ సమయం పంచాలి మరి.

కొనేటప్పుడు

2017లో స్విచ్‌ని మన దేశంలో అధికారికంగా విడుదల చేయలేదు. కాబట్టి మన ఊళ్లలో జాయ్-కాన్ అంటే అమెరికా చుట్టాలు తెచ్చిందో, దిగుమతి దుకాణంలో కొన్నదో అయివుంటుంది. ప్లేస్టేషన్ కంట్రోలర్లు అధికారికంగానే దొరుకుతాయి, వాటితో పాటు నకళ్లూ దొరుకుతాయి. పైకి డ్యూయల్‌షాక్ 4లా ఉండే నకలులో బటన్లు, లైటు, వైబ్రేషన్ పనిచేస్తాయి. గైరో ఉండకపోవచ్చు, ఉన్నా క్యాలిబ్రేషన్ అంకెలు సున్నాలు కావచ్చు. అలాంటి సున్నాలతో భాగహారం చేయబోయి లెక్క తప్పకుండా లినక్స్ డ్రైవర్‌లో ప్రత్యేకంగా జాగ్రత్త పెట్టాల్సి వచ్చిందంటే ఈ నకళ్ల వ్యాప్తి ఎంతో తెలుస్తుంది. దుకాణంలోనే ల్యాప్‌టాప్‌కి వైరుతో తగిలించి, స్టీమ్ కంట్రోలర్ సెట్టింగులలో గైరో కదులుతుందో లేదో చూస్తే రెండు నిమిషాల్లో నిజం తేలుతుంది. వైరు డేటా వైరే అయ్యుండాలి, ఛార్జింగ్‌కి మాత్రమే పనికొచ్చే వైరుతో ఈ పరీక్ష సాగదు.

పెద్ద పేరున్న ఇతర సంస్థల కంట్రోలర్లకు ఇంకో కిటుకు తెలియాలి. వాటిలో చాలావాటికి ఎక్స్‌ఇన్‌పుట్ మోడ్, స్విచ్ మోడ్ అని రెండు ఉంటాయి. పీసీ అనగానే అందరూ మొదటిది పెడతారు, గైరో మాయమవుతుంది. స్విచ్ మోడ్‌లో పెట్టి స్టీమ్‌కి కలిపితే అదే కంట్రోలర్ గైరో బయటికి వస్తుంది.

మొత్తం మీద

పీసీలో మోషన్ కావాలనుకునేవారికి ఇవాళ్టికి డ్యూయల్‌సెన్స్, డ్యూయల్‌షాక్ 4, స్విచ్ ప్రో కంట్రోలర్ భరోసా ఉన్న ఎంపికలు. వైరుతోనూ, వైరు లేకుండానూ స్టీమ్‌లో పనిచేస్తాయి. జాయ్-కాన్‌కి నేరుగా వైరు తగిలించే దారి లేదు, రెండు ముక్కల్ని కలపడం అదనపు పని, కాబట్టి చేతిలో ఉంటే వాడండి గానీ పీసీ కోసమని కొనకండి. వీ రిమోట్ మోజున్నవారు డాల్ఫిన్‌బార్ లాంటిదానితో మొదలుపెడితే పిన్ యాతన తప్పుతుంది. ఎక్స్‌బాక్స్ కంట్రోలర్ ఎంత చక్కనిదైనా ఈ పనికి పనికిరాదు.

కదలిక అందనప్పుడు పెయిరింగ్‌ని తిట్టడం మాని, వరుసగా అడగాల్సినవి మూడు ప్రశ్నలు. కలిసిందా? సెన్సర్లు పంపుతోందా? గేమ్ వింటోందా? వైరు పెట్టి చూస్తే రెండో ప్రశ్నకు, స్టీమ్ గైరో పరీక్షతో మూడో ప్రశ్నకు చాలావరకు జవాబు దొరుకుతుంది.

ఇక మిగిలింది గేమ్‌లు తయారుచేసేవారికి, వాటిని సమీక్షించేవారికి ఒక విన్నపం. సెన్సర్లు కోట్ల కంట్రోలర్లలో ఇప్పటికే ఉన్నాయి, చదివే లైబ్రరీ ఉచితంగా ఉంది. హైదరాబాద్ స్టూడియోల్లో గేమ్‌లు రాస్తున్న మన కుర్రవాళ్లు సహా ఎవరైనా సెట్టింగులలో ‘గైరో’ అనే ఒక్క వరుస చేర్చితే వాడుకరికి ఈ తిప్పలు సగం తగ్గుతాయి. ‘పీసీలో పనిచేస్తుంది’ అని కంట్రోలర్‌కి కితాబిచ్చే సమీక్షకులు బటన్ల దగ్గర ఆగకుండా, దాన్ని ఒకసారి చేతిలో వంచి చూసి ఆ మాట రాయాలి.